పొగ మాత

“ఇక్కడ ఆగకూడదు సిన్యోరా, వెనక జనం తోసుకొస్తున్నారు” అంటూ గైడు మిరెల్లా పసుపు గొడుగు పైకెత్తి ఊపింది.

ఎర్సీలియా కదల్లేదు. “ఈ రాజుల గుర్రాలూ కత్తులూ నాకెందుకమ్మా? మా పొగ మాత ఏ గదిలో ఉందో చెప్పు. నేనే వెళ్తాను.”

“చిట్టచివరి గదిలో ఉంది. అందరం కలిసే వెళ్దాం. ఈ జనంలో తప్పిపోతే మిమ్మల్ని వెతకడం నా తరం కాదు.”

భూకంపంలో వాళ్ళ కొండ ఊరు కూలిపోయినప్పుడు చర్చిలో మిగిలింది ఒక్క మరియమాత పటమే. బాగుచేస్తామని దాన్ని రోములోని ఈ పెద్ద మ్యూజియానికి తెచ్చారు. ఇప్పుడు గోడకు పెట్టారని తెలిసి, బతికి మిగిలిన ఊరివాళ్ళు బస్సు మాట్లాడుకుని వచ్చారు. తరతరాల కొవ్వొత్తుల మసికి నల్లబడిన మాత కాబట్టి వాళ్ళందరికీ ఆవిడ పొగ మాత.

ఎర్సీలియా మరిది ఒరెస్తే, గైడు మాటలు వినిపించడానికి చెవిలో పెట్టిన యంత్రాన్ని వేలితో తట్టాడు. “వదినా, నా చెవిలో ఎవడో జర్మన్‌వాడు దూరాడు. ఒక్క ముక్క అర్థం కావడం లేదు. అయినా మన గైడు కంటే వాడే నయం, నన్ను పరుగెత్తమనడం లేదు.”

చుట్టూ ఉన్నవాళ్ళు నవ్వారు. ఎర్సీలియా నవ్వలేదు.

గది తరువాత గది దాటుతున్నారు. ఎటు చూసినా పైకెత్తిన ఫోన్లే. “రోము దాకా వచ్చి ఊళ్ళోవాళ్ళ వీపులు చూసి పోతున్నాం” అని ఒరెస్తే గొణిగాడు. వదిన పక్కకు చేరి అడిగాడు. “ఇంతకీ మాతను ఏం కోరుకుంటావు వదినా?”

“కోరుకోవడానికి రాలేదు. అడగడానికి వచ్చాను.”

“ఏమని?”

“ఇంటి పైకప్పు కూలుతుంటే ఆవిడ పేరే పిలిచాను. నా రెమోను కాపాడమని గొంతు చించుకుని పిలిచాను. ఎందుకు వినలేదని అడుగుతాను.”

ఒరెస్తే గొంతు తగ్గించాడు. “తప్పు వదినా. ఆవిడ కూడా కొడుకును పోగొట్టుకున్న తల్లే కదా.”

“ఆవిడ కొడుకు మూడో రోజున లేచి వచ్చాడు. నా కొడుకు వచ్చాడా?”

ఒరెస్తే సిలువ గుర్తు వేసుకున్నాడు.

చివరి గది కిక్కిరిసి ఉంది. “జరగండయ్యా, మా ఊరి తల్లి! మేం చూడాలి!” అంటూ ఒరెస్తే భుజంతో దారి చేశాడు. ఊరివాళ్ళంతా పటం ముందు కట్టిన తాడు దాకా వెళ్ళి నిలబడిపోయారు. చేతుల్లో జపమాలలు అలాగే ఉండిపోయాయి.

“ఇదెవరు?” అంది ఒక ముసలమ్మ.

పటంలో ఉన్నది తెల్లని ముఖం, చిన్న వయసు. బుగ్గమీద పుట్టుమచ్చ. ఒడిలో పసివాడు. మాత తల వెనక ఎప్పుడూ ఉండే బంగారు వలయం లేదు.

మిరెల్లా గొంతు సవరించుకుంది. “మసి తీస్తుంటే దాంతోపాటు వలయమూ ఊడివచ్చింది. అది చాలాకాలం తరువాత ఎవరో పైన వేసిందట. ఇందులో ఉన్నది మరియమాత కాదు. ఒక ఉన్ని వ్యాపారి భార్య.”

ముందుగా ఒరెస్తే తేరుకున్నాడు. “అంటే మా అమ్మా, అమ్మమ్మా మోకాళ్ళు అరగదీసుకున్నది ఉన్ని కొట్టువాడి పెళ్ళాం ముందా?”

“అలా అనకండి. బొమ్మ చాలా గొప్పది...”

“నీ గొప్ప నీ దగ్గరే ఉంచుకో తల్లీ. ఆ మసి మాది. దాన్నెందుకు తుడిచారు?”

ముసలమ్మ కళ్ళు తుడుచుకుంది. “ఇళ్ళు పోయాయి. చర్చి పోయింది. ఈవిడొక్కతె మిగిలిందనుకున్నాం. ఇప్పుడు ఈవిడా పోయింది.”

ఒక్కొక్కరే చెవిలోని యంత్రం పీకి మిరెల్లా సంచిలో పడేసి వెనుదిరిగారు. “రా వదినా” అన్నాడు ఒరెస్తే. “అడగడానికి ఇక్కడెవరూ లేరు.”

ఎర్సీలియా తాడును పట్టుకుంది. ఇన్నాళ్ళూ ఆమెను నిలబెట్టింది ఆ కోపమే. కోప్పడటానికైనా అటువైపు ఒకరుండాలి కదా. ఆ రోజు తన కేక ఎవరి దగ్గరికి వెళ్ళినట్టు? వినకపోవడం వేరు, వినేవాళ్ళే లేకపోవడం వేరు. దేవుడు ఇంత పని చేస్తాడా అనుకుంది. అంతకుమించి అనుకోవడానికి భయం వేసింది.

“నువ్వు పద, వస్తాను” అంది. ఒరెస్తే జనంలో కలిసిపోయాడు.

ఆమె చెవిలో యంత్రం ఇంకా ఉంది. గుంపులో ఉన్న వేరే ఊళ్ళ యాత్రికులకు మిరెల్లా చెబుతున్న మాటలు అందులో వినిపిస్తున్నాయి. “బిడ్డ నిద్రపోతున్నాడని అందరూ అనుకుంటారు. పెదవుల రంగు చూడండి. ఊళ్ళోకి మహమ్మారి వచ్చినప్పుడు పోయాడు. పాతిపెట్టేలోగా ఒడిలో పెట్టుకుని ఆ తల్లి ఈ బొమ్మ వేయించుకుందట. పదండి, కింద మెట్ల దగ్గర కలుద్దాం.”

పసుపు గొడుగు వెళ్ళిపోయింది. ఎర్సీలియా తాడు దగ్గర నేలమీద కూర్చుంది.

కాపలా మనిషి పరుగున వచ్చాడు. “లేవండి సిన్యోరా, ఇక్కడ ప్రార్థనలు చేయకూడదు.”

“ప్రార్థన కాదు నాయనా” అంది. తలగుడ్డ సర్దుకుని, చావు జరిగిన ఇంటికి పలకరింపుకు వచ్చినదానిలా పటంలోని ఆవిడ వైపు జరిగి, మెల్లగా అడిగింది.

“నీ బాబు పేరేమిటమ్మా?”