గొడుగు దండెం

“ఇంకో జానెడు తవ్వు హన్మంతన్నా,” అంది స్వరూప.

హన్మంత్ గడ్డపార ఆపి ఆమె వైపు వింతగా చూశాడు. అరుగు మీద నులక మంచంలో పడుకున్న ఆమె మామ భద్రయ్య కూడా తల ఎత్తాడు. తడి బట్టలు ఆరేసుకునే దండేనికి అంత లోతు గుంత ఎందుకో ఇద్దరికీ అంతుపట్టలేదు.

అసలు అలాంటి దండెం టేకుమట్లలో ఎవరూ చూసి ఎరగరు. నడుమ ఇనుప గుంజ, దాని చుట్టూ గొడుగు ఊచల్లా చేతులు, తోస్తే తిరుగుతాయి. భూపాలపల్లిలో బొగ్గుబావి క్వార్టర్ల పెరట్లో ఒకటి చూసి వచ్చి, వెల్డింగు పనిచేసే హన్మంత్‌తో చేయించింది. వానలకు బట్టలు ఆరడం లేదని ఇంట్లో చెప్పింది.

ఆ బట్టలు ఎవరివో భద్రయ్యకు ఒకరు చెప్పాలా? పక్షవాతం వచ్చి ఎడమ కాలు పడిపోయినప్పటి నుంచి అతని పంచెలూ దుప్పట్లూ రోజూ ఆమే ఉతుకుతోంది. మొన్నటి దాకా బస్సులో వరంగల్ దవాఖానకు తీసుకుపోయి నడక నేర్పించేవాళ్లు. సకల జనుల సమ్మెతో బస్సులు ఆగిపోయాయి. బస్సు కండక్టరుగా పనిచేసే కొడుకు అరుణ్ పొద్దున్నే సమ్మె టెంటుకు పోతే మళ్లీ దీపాలు పెట్టే వేళకే రాక. తెలంగాణ రావాలని భద్రయ్యకూ ఉంది. అది వచ్చేలోగా కాలు మొద్దుబారిపోతుందేమోనన్న బెంగా ఉంది. ఒకరోజు కోడలే వచ్చి, తన భుజం ఆసరాగా పట్టుకొమ్మంటే ముఖం తిప్పుకున్నాడు. కోడలి భుజం మీద చేయి వేసి నడవడం ఆ ఇంటా వంటా లేదు. ఆమె మళ్లీ అడగలేదు.

ఇప్పుడు ఈ దండెం. ఇక తాను మంచం దిగడని వీళ్లు ఖాయం చేసుకున్నారన్నమాట.

అయినా హన్మంత్ గుంజ నిలబెట్టి గంపెడు కంకర ఒక్కసారే పోయబోతుంటే నోరు ఊరుకోలేదు.

“అట్ల కాదురా. జరంత పోసి కుమ్ము, మల్ల పొయ్యి.”

ఒకప్పుడు కల్లం నడుమ గుంజ పాతాలంటే ఊళ్లో భద్రయ్యనే పిలిచేవాళ్లు. వరి పరిచి, ఎడ్లను గుంజకు వరసగా కట్టి చుట్టూ తిప్పుతూ తొక్కిస్తుంటే, వాటి మెడగంటల చప్పుడూ వరిగడ్డి వాసనా ఎంత బాగుండేవి! ఎడ్లు ఎంత లాగినా అతను పాతిన గుంజ బెసికేది కాదు. మిషన్లు వచ్చాయి, కల్లాలు పోయాయి.

హన్మంత్ బుద్ధిగా అతను చెప్పినట్టే కుమ్మి, తాడుకు రాయి కట్టి నిలువు చూసి, సిమెంటు పోశాడు. గుంజకు ఇనుప చేతులు బిగించేటప్పుడు భద్రయ్యకు మళ్లీ చిర్రెత్తింది.

“గింత కిందికి పెట్టిస్తున్నవేంది బిడ్డా? చీరెలు నేల నాకుతయి.”

“నాకనియ్యి మామా,” అంది స్వరూప. పైగా చేతులు గాలికి తిరగకూడదట, గట్టిగా తోస్తేనే కదలాలట. బోల్టులు బిగించమంది. సిమెంటు గట్టిపడ్డాక హన్మంత్‌ను పిలిపించి, ఒక ఇనుప చేతి మీద తన బరువంతా మోపి చూడమంది. చదువుకున్న పిల్ల, ఇంత తెలివితక్కువదా అని మామ ముక్కు మీద వేలేసుకున్నాడు.

మర్నాడు అరుణ్ టెంటుకు పోయేముందు తండ్రిని కుర్చీతో సహా ఎత్తి, తెచ్చి దండెం పక్కన దించాడు. బట్టల మీద వాలే కాకులను తోలడానికి కాబోలు అనుకున్నాడు భద్రయ్య. కల్లానికి పెద్దగా ఉన్నవాడు కడకు కాకుల కాపలాకు వచ్చాడని ఉక్రోషం ముంచుకొచ్చింది.

“తే మరి, ఆరెయ్యి నా బట్టలు,” అన్నాడు తల తిప్పకుండానే.

స్వరూప వట్టి చేతులతో వచ్చింది. ఇనుప చేతిని మెల్లగా తిప్పి అతని కుడిచేయి దగ్గర ఆపింది. తాను రెండడుగులు వెనక్కి జరిగి నిలబడింది.

“పట్టుకొని లెవ్వు మామా. గిది బట్టలకు కాదు, నీకే.”