రోజుకు ఒక్క గింజే!

వానలు దగ్గరపడుతున్నాయి. కడుపుతో ఉన్న ఒక ఉడుత ఇప్పచెట్టు తొర్ర చూసి మోజుపడింది. దాన్ని తొలిచిన వడ్రంగిపిట్ట మూడు వందల గింజలు అడిగింది. ఉడుత దగ్గర ఒక్కటీ లేదు.

"నేను అప్పిస్తాగా! రోజుకు ఒక్క గింజ చొప్పున మూడేళ్ళు కట్టు, చాలు," అంది పందికొక్కు.

"ఒక్క గింజేనా! నేను తింటూ జారవిడిచేదే అంతకంటే ఎక్కువ," అని పొంగిపోయి, ఉడుత ఆ రోజే కాపురం పెట్టింది.

ఇల్లు చూడవచ్చిన తాబేలు చెట్టు కిందనుంచే మెచ్చుకుని, అప్పు సంగతి విని, "మూడేళ్ళంటే ఎన్ని రోజులమ్మా?" అని అడిగింది.

ఉడుత లెక్కపెట్టింది. వెయ్యి దాటేసరికి దాని తోక ఆడడం మానేసింది.

"అయ్యో! ఒక్క తొర్రలో ఉంటూ మూడు తొర్రల ఖరీదు ఇస్తున్నానా?"

"ఇల్లు మంచిదేనమ్మా. నువ్వు రోజుకెంతో విన్నావు, మొత్తం ఎంతో అడగలేదు, అంతే," అని నవ్వింది తాబేలు.

మర్నాటి నుంచి ఉడుత పందికొక్కు దగ్గరికి రోజుకు నాలుగేసి గింజలు మోసుకెళ్ళింది. "అప్పు తొందరగా తీరితే వడ్డీ తగ్గుతుంది కదా మామా!" అంది.

పందికొక్కు మొహం వాడిపోయింది.

"ఇప్పుడంత తొందరేముంది తల్లీ? పిల్లలు పుట్టబోతున్నారు, కాస్త కడుపునిండా తిను," అంది ఎంతో ప్రేమగా.