నాలుగో రోజూ తడే

“ఈ స్వెట్టర్ ఆరకముందే సూదులు తీశావంటే అంతా అయిపోయినట్టే. చేతులు ముడుచుకుపోతాయి, అంచు చుట్టలు తిరుగుతుంది, నా మూడు నెలల అల్లిక గంగలో కలుస్తుంది,” అంది తల్లి, మంచం పక్కన మోకాళ్ల మీద కూర్చుని.

కూతురు సూదుల జోలికే వెళ్లలేదు. గుమ్మంలో నిలబడి ఉందంతే.

మంచం మీద పాత తువ్వాలు. దాని మీద బూడిదరంగు ఉన్ని స్వెట్టర్. చుట్టూ అంగుళానికొకటి చొప్పున గుండుసూదులు. మంగళవారం సాయంత్రం తల్లి దాన్ని గోరువెచ్చని నీళ్లలో నానబెట్టి, పిండకుండా తువ్వాలులో చుట్టి ఒత్తి, టేపు పెట్టి కొలిచి, రెండు చేతులూ సమానంగా లాగి పరిచింది. తడి మీద ఎలా పరిస్తే ఆరాక ఉన్ని అలాగే నిలుస్తుంది. ఆరడానికి రోజున్నర చాలు.

ఇవాళ శనివారం. జడల్లా అల్లిన చోట చెయ్యి పెడితే ఇంకా చల్లగా తడే.

“నాలుగు రోజులుగా దానికి మంచం, నాకు హాల్లో నేల. అలాగే సంచిలో పెట్టుకుపోతానమ్మా. అక్కడ ఆరబెట్టుకుంటా.”

“తడి ఉన్ని సంచిలో పెడితే బూజు పడుతుంది. బూజు పట్టింది తొడుక్కుంటే దగ్గు. దగ్గు ముదిరితే ఆ కొండ మీద నిన్ను చూసే దిక్కెవరు?”

“అయితే స్వెట్టర్ లేకుండానే పోతా.”

“పో. గడ్డకట్టుకుపో. నాకేం.”

కొండ మీద వాతావరణ కేంద్రంలో ఉద్యోగం వచ్చింది కూతురికి. గాలి వేగం, చలి, తేమ కొలిచి రాయాలి. సోమవారం పొద్దున్నకల్లా చేరకపోతే జాబితాలో తర్వాతి వాళ్లకిచ్చేస్తారు. ఇవాళ సాయంత్రం ఆరింటి బస్సు తప్పితే ఇక చేరడం కుదరదు. గురువారం బస్సు, శుక్రవారం బస్సు ఈ స్వెట్టర్ పుణ్యమా అని పోయాయి. రెండుసార్లూ టికెట్ మార్చుకురావడానికి తండ్రే వెళ్లాడు, విసుక్కోకుండా.

“తేమ కొలిచే ఉద్యోగమటే నీది!” అంది తల్లి. “మన గదిలో ఎంతుందో చెప్పలేవా? గోడల్లోంచి నీళ్లు ఊరుతున్నాయేమో. ఇల్లు కూలిపోతుందేమో.”

బాల్కనీలోంచి తండ్రి నవ్వు వినిపించింది.

“మొన్న సూదులు తుప్పుపట్టి పిల్లకి గుచ్చుకుంటాయంది. నిన్న ఫ్యాను ఊడి స్వెట్టర్ మీద పడుతుందంది. ఇవాళ ఇల్లే కూల్చేసింది. రేపటికి ఊరు మిగులుతుందో లేదో!”

“మీకన్నీ వేళాకోళమే.”

“నీలా బెంబేలు పడితే పిల్ల గడప దాటినట్టే. ధైర్యంగా పంపాలే పిల్లల్ని. నన్ను చూసి నేర్చుకో.”

ఆయన చేతిలో మొక్కల మీద నీళ్లు చల్లే సీసా ఉంది. రిటైరయ్యాక పట్టుకున్న పని అది. రోజూ అందరికన్నా ముందు లేచి ఆ సీసా నింపుతాడు.

“ఆహా, ఏం నేర్పారండీ! ఆ కుండీల్లో మొక్కలు చూడండి, ఎలా వేలాడుతున్నాయో. ఈ ఇంట్లో తడవాల్సినవి ఎండిపోతాయి, ఆరాల్సింది ఆరదు.” తల్లి మళ్లీ స్వెట్టర్ మెడ దగ్గర తడిమి చూసింది. “నా ఖర్మ!”

కూతురు బీరువా పైనుంచి ఒక అట్టముక్క దించింది. దాని మీద అరచేతంత అల్లిక, సూదులు గుచ్చి ఉంది.

“ఇదేంటో తెలుసా?”

“నేను మొదట అల్లి చూసుకున్న నమూనా ముక్క.”

“నిన్న పొద్దున తడిపి ఇదే గదిలో పెట్టాను. అదే ఉన్ని, అదే జడ, అదే గాలి. పట్టుకు చూడు.”

తల్లి పట్టుకుంది. పొడిపొడిగా, వెచ్చగా ఉంది.

“గోడల్లో ఏమీ లేదమ్మా. ఎవరో తడిపితే తప్ప ఆ స్వెట్టర్ తడిగా ఉండదు. నువ్వే కదూ? నేను వెళ్లకూడదని.”

“నేనా?”

“మొదట్నుంచీ వద్దన్నది నువ్వే. ఉద్యోగం కాగితాలు పప్పు డబ్బాలో దాచింది నువ్వే.”

“దాచాను. బస్సు లోయలో పడ్డట్టు కలొచ్చింది, దాచాను. మళ్లీ నేనే తీసివ్వలేదూ? పోనిద్దాం అనుకున్నాకే కదే, నువ్వక్కడ వణక్కూడదని కళ్లు పీక్కుపోయేలా ఇది అల్లింది!” తల్లి మంచంకోడు పట్టుకుంది. “నీ మీద ఒట్టు. తడపలేదు.”

“మరి ఎవరమ్మా?”

తల్లి నమూనా ముక్కని మళ్లీ తడిమి చూసింది.

కూతురు మంచం మీదికి వంగి సూదులు తీయడం మొదలుపెట్టింది. ఒక్కొక్కటీ రేకు మూతలో టిక్కుమని పడుతోంది. తల్లి ఆపలేదు. గోడ గడియారం నాలుగు కొట్టింది. ఒక చెయ్యి చుట్టూ సూదులన్నీ అయిపోయాయి. రెండో చెయ్యి మొదలైంది. తల్లి తువ్వాలు కొసతో కళ్లొత్తుకుంటోంది. బాల్కనీలో నవ్వు ఎప్పుడాగిపోయిందో ఎవరూ గమనించలేదు.

ఆఖరి సూది పడ్డాక తండ్రి గదిలోకి వచ్చాడు. కూతురి వైపు చూడలేకపోయాడు. చేతిలో సీసా వైపు చూసుకున్నాడు.

“మీ అమ్మనేమీ అనకు తల్లీ,” అన్నాడు చివరికి, “రోజూ పొద్దున్నే ఈ సీసాతో నేను తడుపుతున్నది మొక్కల్ని కాదు.”