ద్రాక్షారసమంటే జ్యూసే సార్!

వ్యాను దేవనహళ్ళి చేరబోతుండగా కృపమ్మ తలలు లెక్కబెట్టి గుండె మీద చెయ్యి వేసుకుంది: డ్రైవరు కాక ఆరుగురు ఉండాల్సిన చోట ఏడుగురున్నారు.

మళ్ళీ లెక్కబెట్టింది. ఏడే.

ఆఖరి సీట్లో కిటికీ పక్కన ఎవరో కొత్త మనిషి. ఖాకీ ప్యాంటు, ఒళ్ళో తోలుసంచి, చేతిలో చిన్న డైరీ. బయటి ద్రాక్ష పందిళ్ళు చూస్తూ ఏదో రాసుకుంటున్నాడు.

"అబ్రహాం మాస్టారూ, ఆయన మీ మనిషేనా?"

"నా మనిషా? పొద్దున గుడి గేటు దగ్గర 'ఎక్కండి, ఎక్కండి, ఆలస్యమైంది' అని సంచి లాక్కుని మరీ ఎక్కించింది మీరే కదమ్మా!"

నిజమే. రిటైరైన హెడ్ నర్సు కృపమ్మ, ఎదురుగా ఎవరు కనబడినా వార్డులోకి తోసినట్టు తోసేస్తుంది.

అది 1982 మార్చి, శనివారం. ఈస్టరు నాడు గుడిలో ప్రభువు బల్ల దగ్గర ఇచ్చే ద్రాక్షారసాన్ని రుచి చూసి ఎంచడానికి బెంగళూరు నుంచి సంఘం తరఫున బయల్దేరారు. నారాయణప్ప తోటలో మూడు జాడీల్లో మూడు రకాలు ఊరుతున్నాయి. నచ్చితే నగరంలోని నాలుగు తెలుగు సంఘాలూ ఏడాది పొడుగునా అతని దగ్గరే తీసుకుంటాయి.

నచ్చకపోతే తీగలు పీకేసి రాగులు చల్లుకుంటానని నారాయణప్ప ముందే చెప్పాడు.

చిక్కల్లా ఒకటే. ద్రాక్షారసం తీసే లైసెన్సుకి నారాయణప్ప అర్జీ పెట్టి ఎనిమిది నెలలైనా కాగితం రాలేదు.

"ఖాకీ ప్యాంటు, డైరీ..." అబ్రహాం గొంతు తగ్గించాడు. "ఎక్సైజు!"

అప్పుడే ఆ మనిషి ముందుకు వంగాడు.

"అమ్మా, ఆ తోటాయన ఏడాదికి ఎన్ని సీసాలు తీస్తారు?"

"సీసాలా? ఆయనకి సీసా అంటేనే తెలీదండీ!"

తోటలో దిగీ దిగగానే కృపమ్మ నారాయణప్పని పక్కకి లాగి సంగతి చెప్పింది.

"మునిగితిమి కదమ్మా! జాడీలు నడవలోనే ఉండాయి!"

"కొట్టం వెనక్కి చేర్చు." కృపమ్మ అతని భార్య వైపు తిరిగింది. "గౌరమ్మా, నువ్వు గబగబా పళ్ళు పిండు. ఆయన ఏమడిగినా ఒకటే మాట. ద్రాక్షారసమంటే జ్యూసు."

"అబద్ధం కూడా కాదు," అన్నాడు అబ్రహాం. "జాడీలో ఊరినదీ ద్రాక్షారసమే, గ్లాసులో పిండినదీ ద్రాక్షారసమే."

ఇక చూడాలి ఆ తమాషా.

'కాళ్ళు కడుక్కొస్తా'నని ఒక్కొక్కరే కొట్టం వెనక్కి పోవడం, మూతి తుడుచుకుంటూ వెలిగిపోయే మొహంతో రావడం. అంతమందికి అన్నిసార్లు కాళ్ళు మురికైన రోజు ఇంకోటి లేదు.

పందిరి కింద మంచం మీద కూర్చోబెట్టిన కొత్త మనిషికి మాత్రం గౌరమ్మ గ్లాసు మీద గ్లాసు పోస్తూనే ఉంది.

"అమ్మా, నేనొచ్చిన పని..."

"తాగు సామీ, సల్లగా ఉండాది!"

"అది కాదమ్మా, నేను కూడా గుడి..."

"ఇంకో గ్లాసు తీసుకోండి సార్!" కృపమ్మ అడ్డుపడింది. "జ్యూసే సార్, ఒట్టు, జ్యూసే!"

ఆరో గ్లాసు దగ్గర అతను చెప్పడం మానేశాడు. కళ్ళు చిలిపిగా మెరిశాయి. తోట చూసొస్తానని లేచాడు.

అబ్రహాం నీడలా వెంటపడ్డాడు. మూడో జాడీ మహిమ వల్ల ఆ నీడ సగం దారిలో ఒక పందిరి కింద గుర్రుపెట్టి నిద్రపోయింది.

మూడో జాడీయే అందరికీ నచ్చింది. రాగి ముద్ద, కోడి పులుసు తిని, పాటలు పాడుకున్నాక, గుడికి ఒక సీసా నింపుదామని వెళ్ళిన నారాయణప్ప ఒక్క పరుగున వెనక్కొచ్చాడు.

"అమ్మా, జాడీ మూతికి కట్టిన వాసెన గుడ్డ ఇప్పి ఉండాది! వేలెడు తగ్గిపోయింది!"

"మనవాళ్ళేమో?"

"మీరు తాగినంక నేనే కట్టినాను కదమ్మా!"

తిరిగొచ్చి మంచం మీద కూర్చున్న ఆ మనిషి ఒళ్ళోని తోలుసంచి వైపు కృపమ్మ చూసింది. శాంపిల్ తీసుకున్నాడు!

పావుగంటలో వ్యాను బయల్దేరింది. దేవనహళ్ళి బస్టాండులో అతన్ని దించేశారు.

"మేం వేరే దారిన పోతాం సార్. ఇవిగో, మీ పిల్లలకి ద్రాక్ష."

అతను బుట్ట అందుకుని, ఎండలో నిలబడి, వ్యాను కనుమరుగయ్యేదాకా నవ్వుతూ చెయ్యి ఊపాడు.

ఆదివారం పొద్దున నారాయణప్ప మొదటి బస్సుకే గుడికొచ్చి ఆఖరి బెంచీలో ముడుచుకు కూర్చున్నాడు.

"పోలీసోళ్ళు వచ్చేలోపలే తీగలు పీకించేస్తానమ్మా. కూలోళ్ళకి చెప్పేసినాను."

"ఆరాధన అవనీ. కడప నుంచి కొత్త పాస్టరుగారు వచ్చారట. ఆయన్నే అడుగుదాం."

పక్కగది తలుపు తెరుచుకుంది. తెల్లటి అంగీలో పాస్టరుగారు బయటికొచ్చారు.

కృపమ్మ చేతిలో పాటల పుస్తకం కిందపడింది.

ఏడో మనిషి!

"నా పేరు ఏలియా," అన్నారాయన. "రావాల్సినదానికి ఒక రోజు ముందే దిగాను. గేటు దగ్గర దారి అడగబోతే ఒక అమ్మగారు నన్ను వ్యానులోకి తోశారు."

సంఘం గొల్లుమంది. కృపమ్మ కొంగు మొహానికి అడ్డం పెట్టుకుంది.

"నీళ్ళు ద్రాక్షారసం కావడం మనమంతా విన్నదే. ద్రాక్షారసం జ్యూసు కావడం మాత్రం నిన్న కళ్ళారా చూశాను!"

నవ్వులు సద్దుమణిగేదాకా ఆగి, ఆయన ఆఖరి బెంచీ వైపు తిరిగారు.

"నారాయణప్పా, నిన్న వ్యానులోనూ ఇందాక పక్కగదిలోనూ అంతా విన్నాను, ఆ తీగల మీద చెయ్యి వెయ్యకు, లైసెన్సు కాగితం కోసం రేపు మనిద్దరం కలిసే ఆఫీసుకి పోదాం, దేవుని సన్నిధిలో ఒప్పుకుంటున్నాను, మూడో జాడీ వాసెన విప్పింది నేనే, ఆ వేలెడూ తాగిందీ నేనే!"