ఎండ అక్కర్లేని మొక్క

"ఇక్కడ ఎండ పొడే పడదు. బతుకుతుందంటావా?" గుమాస్తా అడిగాడు.

"ఇది ఫెర్న్ సార్. ఎండ అక్కర్లేదు. ఏడాది పొడుగునా పచ్చగానే ఉంటుంది," అంటూ కుండీలాయన గుమాస్తా బల్ల వెంబడి కొలత టేపు పరిచాడు. ఆఫీసుల్లో అలంకారానికి మొక్కలు పెట్టడం, వారం వారం వచ్చి నీళ్లు పోయడం అతని పని. ఈమధ్య మేనేజరుకి మొక్కల పిచ్చి పట్టుకుంది. వరండాలో, మెట్ల దగ్గర, ఎక్కడ చూసినా కుండీలే. జనానికి ఉద్యోగాలు ఊడుతుంటే ఈయనకు పచ్చదనం కావాల్సొచ్చింది!

పొద్దుట్నుంచీ గుమాస్తా గుండెల్లో రైళ్లు పరిగెడుతున్నాయి. ఆ గదిలో మిగిలింది ఇద్దరే. తనూ, ఎదురు బల్ల దగ్గర సన్నాయీ. పని చేస్తూ ముక్కుతో రాగాలు తీస్తాడని అతనికా పేరు. ఇద్దరిలో ఒకరిని సాయంత్రానికల్లా ఇంటికి పంపేస్తారని ఆఫీసంతా గుప్పుమంది. ఇంట్లో భార్యకు నెలలు నిండాయి. ఇప్పుడు రోడ్డున పడితే ఏ గుమ్మం ఎక్కాలి?

"ఇంతకీ మొక్క ఇక్కడ పెట్టమన్నదెవరు?"

"మేనేజరుగారే సార్. సరిగ్గా ఇక్కడే అని మరీమరీ చెప్పారు."

గుమాస్తా గొంతు తగ్గించాడు. "మరి ఆ ఎదురు బల్ల దగ్గర?"

"అక్కడ వద్దన్నారు."

గుమాస్తాకు ప్రాణం లేచొచ్చింది. పీకెయ్యబోయే మనిషికి ఎవరైనా మొక్క తెచ్చి పెడతారా? కుండీలాయన బయటికి వెళ్లగానే ఇంటికి ఫోన్ చేశాడు.

"ఏమేయ్, నా దగ్గర మొక్క పెడుతున్నారు!"

"మొక్కేమిటండీ? ఇక్కడ నా ప్రాణం పోతుంటే!"

"నా ఉద్యోగం ఉందే పిచ్చిమొహమా! మేనేజరే పెట్టమన్నాడట."

అవతల భార్య ఏడ్చేసింది. "పొద్దుట్నుంచి పచ్చి గంగ ముట్టలేదండీ."

"ముందెళ్లి అన్నం తిను. లోపలున్న వాడేం పాపం చేశాడు?"

ఫోన్ పెట్టేసి తలెత్తాడు. సన్నాయి ముఖం వేలాడేసుకుని కూర్చున్నాడు. రాగం లేదు, తాళం లేదు. అంతా విన్నాడు కాబోలు. గుమాస్తాకు సిగ్గేసింది. పక్కవాడి కొంప మునుగుతుంటే తను సంబరపడుతున్నాడు. లేచి వెళ్లి భుజం మీద చెయ్యేశాడు.

"దిగులు పడకురా. ఏ అవసరమొచ్చినా మొహమాటపడకు."

సన్నాయి కళ్లల్లో నీళ్లు తిరిగాయి. ఏదో చెప్పబోయి మింగేశాడు. చివరికి, "నా చేతుల్లో ఏం లేదురా," అన్నాడు.

"ఎవరి చేతుల్లో మాత్రం ఏముంది చెప్పు? నీకేం, పనిమంతుడివి. ఇంకోచోట కళ్లకద్దుకుని తీసుకుంటారు."

సన్నాయి తల ఇంకా కిందికి దించేసుకున్నాడు. అతని ముఖం చూడలేక గుమాస్తా తన బల్ల దగ్గరికి వచ్చేశాడు.

అంతలో కుండీలాయన ఆయాసపడుతూ ఫెర్న్ కుండీని దొర్లించుకొచ్చాడు. నడుమెత్తు కుండీ, నాలుగు పక్కలా విరబోసుకున్న ఆకులు.

"అబ్బో, ఇంత పెద్దదా!" గుమాస్తా నవ్వాడు. "ఇది నా పక్కన పెడితే కాళ్లు ఎక్కడ పెట్టుకోనయ్యా?"

కుండీలాయన తెల్లబోయాడు.

"పక్కన కాదు సార్, మీ బల్ల తీసేశాక ఆ ఖాళీలో."