వాలు మీద మొక్కజొన్న

కోడలి కడుపులో కవలలున్నారని తెలిసిన రోజు మావగారు గొడ్డలి నూరుకున్నారు.

ఇంటి వెనక కొండవాలంతా చెట్లే. వాటి వేళ్ళే మన్నుని పట్టి ఉంచుతాయని, అక్కడ పుల్ల విరిచినా ఊరుకునేవారు కాదాయన. కానీ ఇద్దరు కొడుకులూ, వాళ్ళ పిల్లలూ ఒక్క చెక్క పొలం మీదే బతకాలి. అందుకని చెట్లు తనే నరికి, వేళ్ళు పెళ్ళగించి, వాలంతా మొక్కజొన్న వేశారు.

"ఇంత కష్టం ఎందుకు మావయ్యా?" అంది కోడలు.

"నారు పోసినవాడు నీరు పోస్తాడంటారు. నేల మాత్రం పొయ్యడుగా తల్లీ. అది మనమే చూసుకోవాలి."

మొదటి వానకి మొలకలు పచ్చగా లేచాయి. ఇంటిల్లిపాదీ సంబరపడ్డారు.

కవలలు పుట్టిన నెలకి పట్టిన రెండో వాన వదల్లేదు. భోజనం మధ్యలో లేచి మావగారు కోడలి గదిలోకి వెళ్ళారు. కొండవైపు గోడకి అరచెయ్యి ఆనించి నిలబడ్డారు.

"నీ మంచం ముందుగదిలోకి మార్చుకో అమ్మా."

"ఈ గదేం కురవట్లేదుగా మావయ్యా?"

గోడకి చెవి ఆనించి కాసేపు విన్నారు.

"మంచం వదిలెయ్," అన్నారు మెల్లగా. "పిల్లల్ని తీసుకుని బయటికి నడు."