ఒక్కరు తక్కువ

"ఈ ఒక్క రాత్రీ ఇక్కడ పడుకోనివ్వండి బాబూ. పొద్దున్నే వెళ్ళిపోతాను."

బడి వసారాలో మూడో స్తంభానికి ఆనుకుని కూర్చున్న ముసలాయన అడిగాడు. చిక్కిపోయిన మొహం, మాసిన గడ్డం, ఒళ్ళో ఒక గుడ్డసంచి.

ఊరిపెద్ద ససేమిరా అన్నాడు.

"ఇంకే రోజైనా పడుకో తాతా. ఇవాళ మాత్రం కుదరదు."

ఆ రాత్రి జనాభా లెక్క. ఎవరు ఏ ఊళ్ళో పడుకుంటే ఆ ఊరి లెక్కలోకే వస్తారు. ఐదొందల మంది ఉంటేనే అది విడి ఊరు. ఒక్కరు తగ్గినా ఏటి అవతలి పెద్ద ఊళ్ళో కలిపేస్తారు. బడి కూడా అవతలికే పోతుంది. పిల్లలు రోజూ నడుంలోతు నీళ్ళు దాటాలి.

"బయటివాణ్ణి ఒక్కణ్ణి ఉంచినా, దొంగలెక్క రాయించామని అవతలివాళ్ళు అర్జీ పెడతారు," అన్నాడు పెద్ద. "పొద్దుట్నించీ గాజులమ్మేవాణ్ణి పంపాను, కత్తులు సానపట్టేవాణ్ణి పంపాను, ఆఖరికి మా బావమరిదిని కూడా పంపేశాను."

బడి ఊడ్చే ఆవిడ కిసుక్కున నవ్వింది.

"ఆయన్ని పంపడానికి నీకు పదేళ్ళకి సాకు దొరికిందన్నమాట అన్నయ్యా!"

ముసలాయన నవ్వలేదు.

"ఐదొందలకి సరిపోతారా బాబూ?"

"పోయినసారి రాసిన బొద్దు గుమాస్తా తన నోటితోనే చెప్పాడు, సరిగ్గా ఐదొందలని. ఈ పదేళ్ళలో పుట్టినవాళ్ళూ పోయినవాళ్ళూ, వచ్చినవాళ్ళూ వెళ్ళినవాళ్ళూ సరికి సరి. అన్నీ నా వేళ్ళ మీదున్నాయి."

"అయినా ఆ పాత లెక్కల పుస్తకం ఒక్కసారి చూసుకుంటే..."

"లెక్కలు నువ్వు నాకు చెప్తావా?"

అప్పటికే నలుగురు పోగయ్యారు. ముసలాయన ఏదో అనబోయి, వాళ్ళని చూసి మానేశాడు.

సంచి భుజాన వేసుకున్నాడు. పెద్ద దగ్గరుండి ఏటిదాకా సాగనంపాడు.

పొద్దు వాలుతోంది. చెప్పులు చేత పట్టుకుని నీళ్ళలోకి దిగిన మనిషి, మధ్యలో రెండుసార్లు తూలాడు. అవతలి గట్టెక్కి బస్సు షెడ్డులో కూలబడ్డాడు.

"హమ్మయ్య," అన్నాడు పెద్ద. "ఇక మన లెక్క కడిగిన ముత్యం."

తెల్లారాక లెక్క రాసుకోడానికి బడి టీచరమ్మ గడపగడపకీ తిరిగింది. ఆవిడ ఆ ఊరికి వచ్చి ఏడాదే.

"మా కోడలికి నెలలు నిండాయి. కడుపులోదాన్ని కూడా రాసుకో తల్లీ," అంది ఒక అత్తగారు.

"భూమ్మీద పడనీ పిన్నీ, పదేళ్ళ తర్వాత రాస్తారు."

సాయంత్రానికి మొత్తం తేలింది. నాలుగొందల తొంభై తొమ్మిది.

పెద్ద మొహం పాలిపోయింది. ఇద్దరూ కలిసి మళ్ళీ తిరిగారు. అంతే వచ్చింది.

నెల తిరక్కుండా ఊళ్ళు కలిపేస్తున్నట్టు కాగితం వచ్చింది. బడి బల్లలు మోసుకెళ్ళడానికి బండి కూడా వచ్చింది.

"సరికి సరి కదమ్మా! మరి ఆ ఒక్కరూ ఎవరు?" పెద్దకి నిద్ర పట్టడం లేదు.

టీచరమ్మ డివిజన్ ఆఫీసులో బతిమాలి పాత పుస్తకం తెచ్చింది. వసారాలో కూర్చుని ఒక్కో పేరే చదివింది. పెద్ద ఒక్కో పేరుకీ బతికున్నాడనో, పోయాడనో, పెళ్ళై వెళ్ళిందనో చెబుతూ వచ్చాడు. నాలుగొందల తొంభై తొమ్మిది దాకా ఒక్కటీ తప్పలేదు.

చివరి పేజీ తిప్పి టీచరమ్మ ఆగిపోయింది.

"చదువమ్మా."

"ఐదొందలో నంబరు. మగ. ఒంటరి. ఊళ్ళో ఇల్లు లేదు. ఆ రాత్రి ఏరు పొంగడంతో పడుకున్న చోటు... బడి వసారా, మూడో స్తంభం దగ్గర."

ఊడ్చే ఆవిడ చీపురు ఆపి ఆ స్తంభం వైపు చూసింది. పెద్ద ఏటి వైపు చూశాడు. అవతల షెడ్డు ఎప్పుడో ఖాళీ అయింది.

"వృత్తి ఏమని రాసుంది?" అని అడిగాడు, వినపడీ వినపడనట్టు.

"జనాభా లెక్కల గుమాస్తా," అని చదివింది టీచరమ్మ.